చారిత్రక నవలలో స్త్రీ జీవితాన్ని ఎంతవరకు కల్పించవచ్చు?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది. మీరు నిజాముల కాలపు హైదరాబాదులో గణికగా, ఉర్దూ కవయిత్రిగా పేరుపొందిన మహ్ లఖా బాయి చందా జీవితం మీద మొదటి నవల రాస్తున్నారు. నూట నలభై పేజీలు పూర్తయ్యాయి. ఒక సైనికాధికారితో ఆమెకు ప్రేమకథ కల్పించి కథంతా దాని చుట్టూ నడిపారు. చదివిన స్నేహితురాలు "చరిత్రలో లేనిది ఎలా రాస్తావు?" అని అడిగేసరికి కలం ఆగిపోయింది. ఆధారాలు తక్కువగా మిగిలిన స్త్రీల గురించి రాసేటప్పుడు ఎంతవరకు కల్పించవచ్చో చెప్పమని అడిగారు.

సూటిగా చెబుతాను. ఆధారం పలికిన చోట దాన్ని మార్చకండి, ఆధారం మౌనంగా ఉన్న చోట ధైర్యంగా కల్పించండి. మీ స్నేహితురాలి అభ్యంతరం ఆ మేరకు సరికాదు, ఎందుకంటే చరిత్రలో లేనిది రాయకూడదంటే చారిత్రక నవల అనే ప్రక్రియే ఉండదు. అయితే ఇది సగం సమాధానమే. ఆ మౌనాన్ని ప్రేమకథతో నింపడానికి తొందరపడకండి. ముందు ఆమె చేసిన పనితో, ఆమె చేతిలో ఆడిన సొమ్ముతో నింపండి. ఇరవై ఏళ్ళకు పైగా చారిత్రక నవలలు రాస్తూ, ఇతరుల ప్రతులు సరిదిద్దుతూ నేను నేర్చుకున్నది ముఖ్యంగా ఈ ఒక్క విషయమే.

దీనికి కారణం ఆధారాల స్వభావంలోనే ఉంది. మన ప్రాంతపు పాత కాలంలో ఒక స్త్రీ పేరు రాతిలోనో కాగితంలోనో మిగిలిందంటే, చాలా సందర్భాల్లో ఆమె ఎవరికో ఏదో ఇచ్చినందువల్ల మిగిలింది. గుడిలో అఖండదీపానికి ఇచ్చిన గొర్రెలు, తవ్వించిన చెరువు, కట్టించిన మసీదు, రాసిచ్చిన మాన్యం వంటివే ఆ ఆనవాళ్ళు. ఆమె ఎవరిని ప్రేమించిందో ఏ శాసనమూ చెప్పదు, కానీ ఆమె చేతిలో ఏముందో, దాన్ని ఎవరికి ఇవ్వగలిగిందో చెబుతుంది. ఇవ్వగలగడం వెనుక హక్కు ఉంటుంది, హక్కు వెనుక తగాదా ఉంటుంది, ఆ తగాదాలో కావలసినంత కథ ఉంటుంది. మనం మాత్రం ఆ రాతిని దాటి నేరుగా అంతఃపురంలోకి, వెన్నెల్లోకి నడిచిపోతాం.

రుద్రమదేవినే తీసుకోండి. ఆమె మరణానికి మనకున్న గట్టి ఆధారం నల్లగొండ ప్రాంతంలోని చందుపట్ల శాసనం. దాన్ని వేయించినవాడు రాజూ కాదు, మంత్రీ కాదు, పువ్వుల ముమ్మడి అనే బంటు. 1289 నవంబరు నాటి ఆ శాసనంలో అతను కాకతి మహాదేవికీ, సేనాని మల్లికార్జున నాయకుడికీ శివలోకప్రాప్తి కలిగిందని చెప్పి, వారి పుణ్యం కోసం సోమనాథదేవరకు భూమి ఇచ్చాడు. రాణి పేరూ సేనాని పేరూ ఒకేచోట ఉండటం వల్లనే, కాయస్థ వంశపు సామంతుడు అంబదేవుడి తిరుగుబాటును అణచడానికి వెళ్ళిన యుద్ధంలో ఆమె మరణించి ఉండవచ్చని చరిత్రకారులు ఊహించారు. అప్పటికి ఆమె మనవడు ప్రతాపరుద్రుడు రాజ్యభారంలో పాలుపంచుకునే వయసువాడు. అంటే యుద్ధభూమికి దగ్గరగా ఉన్నది ఒక ముసలి రాణి. మన నవలల అట్టల మీద మాత్రం ఆమెకు ఎప్పుడూ ఇరవై ఏళ్ళే, చేతిలో కత్తి, ముక్కుకు నత్తు. ఆ వృద్ధురాలిని ఎవరూ బొమ్మ వేయించరెందుకో నాకు ఈనాటికీ అర్థం కాదు. నన్ను అడిగితే ఆ నవలను ముమ్మడి వైపు నుంచి మొదలుపెట్టాలంటాను. తన ఏలిక పోయిన కొద్ది రోజులకు, ఉన్న కాస్త భూమిలో ఎంత ఇవ్వాలో లెక్క వేసుకుంటున్న ఒక బంటు, రాతి పని చేసేవాడికి ఆ మాటలు చెబుతూ, ఆమె పేరు ముందు ఏ బిరుదు చెక్కించాలో తేల్చుకోలేకపోతున్న ఉదయం నుంచి.

ఆ బిరుదు దగ్గర మరొక మెలిక ఉంది. తండ్రి గణపతిదేవుడు ఆమెను కొడుకులా పెంచాడని మనందరం చెప్పుకుంటాం. శాసనాల్లో ఆమె చాలాచోట్ల రుద్రదేవ మహారాజుగానే కనిపిస్తుంది. ఇలాంటి రాణి చేత నిండు సభలో స్త్రీ సమానత్వం మీద ఉపన్యాసం చెప్పించిన ప్రతులు నా దగ్గరికి కనీసం నాలుగు వచ్చాయి. పాలించడానికి ఆమె ఎంచుకున్న దారి, లేదా ఆమె కోసం ఎంచిన దారి, మగ పేరుతో సింహాసనం మీద కూర్చోవడం. ఈ దారిలోని ఇరుకును చూపించగలిగితే ఉపన్యాసం అవసరం ఉండదు. పొద్దున్నే తలపాగా చుట్టే దాసికి ఏ సంబోధన వాడాలో తెలియని క్షణం ఒకటి చాలు. మన కాలపు మాటలను ఆమె నోట పెట్టకండి. ఆమె కాలంలో ఆమెకు తోచగలిగిన ఆలోచనలే మనకు ఆశ్చర్యం కలిగించేంత పదునుగా ఉంటాయి.

మూలాలు తప్పు చెబితే ఏం చేయాలని కూడా మీరు అడగవచ్చు. మార్కో పోలో మోటుపల్లి రాజ్యాన్ని పాలించే రాణిని గురించి గొప్పగా రాశాడు, సాలెగూడు లాంటి సన్నని వస్త్రాలనూ వజ్రాలనూ వర్ణించాడు, కానీ ఆమెను చనిపోయిన రాజు భార్యగా చెప్పాడు. ఆమె గణపతిదేవుడి కూతురని మన శాసనాలు చెబుతున్నాయి. నేనైతే ఆ తప్పును పారేయను. రేవులో సరుకు దింపుకునే విదేశీ వర్తకుల నోట దాన్ని పెడతాను. ఓరుగల్లు నిజం మోటుపల్లి చేరేసరికి ఎలా మారిపోయిందో అదే చెబుతుంది. వివాదాస్పదమైన మాటను కథకుడు చెప్పకుండా పాత్ర చేత చెప్పించడం ఈ పనిలో చాలా ఉపయోగపడే ఉపాయం.

భాగమతి విషయంలో ఈ ఉపాయం తప్ప వేరే దారి లేదు. హైదరాబాదు నగర నిర్మాణం 1591లో మొదలైంది. ఆ కాలపు ఫారసీ చరిత్రకారుడు ఫెరిస్తా తన చరిత్రలో భాగ్‌నగర్ పేరును సుల్తాను మనసుపడ్డ నర్తకికి ముడిపెట్టాడు. హారూన్ ఖాన్ షేర్వానీ వంటి చరిత్రకారులు ఆ కథను ఒప్పుకోలేదు. భాగ్ అంటే బాగ్ అని, తోటల నగరమని చెప్పేవారూ ఉన్నారు. ఆమె ఉందని రాసినా లేదని రాసినా సగం నగరం మీతో తగువుకు వస్తుంది. కానీ ఆమె కథను నాలుగు వందల ఏళ్ళుగా చెప్పుకుంటున్న నగరం మాత్రం ఉంది కదా, ఆ చెప్పుకోవడాన్ని రాయవచ్చు.

నన్ను ఎక్కువగా లాగేది ఆమె కాదు, గోల్కొండ సుల్తాను మహమ్మద్ కులీ కుతుబ్ షా కూతురు హయాత్ బక్షీ బేగం. ఒక సుల్తానుకు కూతురు, ఒక సుల్తానుకు భార్య, 1626లో గద్దెనెక్కిన అబ్దుల్లా కుతుబ్ షాకు తల్లి. 1656లో ఔరంగజేబు సైన్యం గోల్కొండను చుట్టుముట్టినప్పుడు, మనవరాళ్ళు పెళ్ళీడుకు వచ్చిన వయసులో, ఆమె స్వయంగా ఆ శిబిరానికి వెళ్ళి సంధి మాట్లాడింది. ఆ సంధిలో భారీ పరిహారంతో పాటు అబ్దుల్లా కూతురిని ఔరంగజేబు కొడుకు మహమ్మద్ సుల్తానుకు ఇచ్చి పెళ్ళి చేయడం కూడా ఉంది. ఒక నాయనమ్మ బయట డేరాలో కూర్చుని మనవరాలిని బేరంలో పెట్టి కోటను నిలబెట్టింది. తిరిగి కోటలోకి వచ్చాక ఆ అమ్మాయి ముఖం ఎలా చూసిందో ఏ తవారీఖూ, అంటే ఏ చరిత్ర గ్రంథమూ, చెప్పదు. మీరు కల్పించవలసిన చోటు అదే. ఆ అధ్యాయం రాసే ముందు హయత్‌నగర్ వెళ్ళి, ఆమె పేరున నిలిచిన మసీదునూ, చుట్టూ బాటసారుల కోసం కట్టిన గదులనూ, పక్కనున్న పెద్ద బావినీ ఒక పూట చూడండి. ఆమెకు బేరం ఎలా వచ్చో, నిర్వహణ ఎంత తెలుసో ఆ గదుల వరస చెబుతుంది. మాసాబ్ ట్యాంక్ పేరులో ఉన్న మా సాహెబా ఆమేనా, ఆమె అత్తగారు ఖానం ఆగానా అని వాదించుకునేవాళ్ళు ఇప్పటికీ ఉన్నారు. నవలకు ఆ తీర్పు అవసరం లేదు.

ఇక మీ కథానాయిక. మహ్ లఖా బాయి 1768లో పుట్టి 1824లో పోయింది. చందా ఆమె కలం పేరు. ఆమె దీవానులో, అంటే కవితల సంపుటిలో, 125 గజళ్ళు ఉన్నాయి. దాని ప్రతి ఒకటి 1799లో ఆమె స్వయంగా ఈస్టిండియా కంపెనీ అధికారి జాన్ మాల్కమ్‌కు కానుకగా ఇచ్చింది, అది ఇప్పుడు లండన్‌లో భద్రంగా ఉంది. గజళ్ళు ముగిసేది హజ్రత్ అలీ స్మరణతో. రెండో నిజాం అలీ ఖాన్ దండయాత్రల్లో ఆమె వెంట ఉండేది, జాగీర్లు పొందింది. అడిక్‌మెట్ వైపు ఆమెకున్న భూములు తరువాతి కాలంలో ఉస్మానియా విశ్వవిద్యాలయం ఆవరణలో కలిశాయని చెబుతారు. మౌలా అలీ గుట్ట కింద తల్లి రాజ్ కున్వర్‌కు సమాధి తోట కట్టించి, చివరికి తానూ అక్కడే ఒదిగింది. తన కుటుంబ చరిత్రనూ దక్కను చరిత్రనూ ఒక పండితుడి చేత రాయించింది కూడా.

ఇందులో ఎంత పని ఉందో చూడండి. ఆమె ఇల్లు ఒక సంస్థ. అక్కడ పాటా ఆటా నేర్చుకునే అమ్మాయిలు, వాద్యగాళ్ళు, కాపలావాళ్ళు, పల్లకీ మోసేవాళ్ళు, వంటవాళ్ళు ఉండాలి. నెల తిరిగేసరికి వీళ్ళందరికీ జీతం ముట్టాలి. జాగీరు రాబడి పంట మీద వస్తుంది, పంట వాన మీద వస్తుంది. రాబడి ఆలస్యమైతే సాహుకారు దగ్గర నగ కుదువ పెట్టాలి, అది ఎవరికీ తెలియకూడదు, ఎందుకంటే ఆమె వెలుగు తగ్గిందన్న వార్త పొక్కితే దర్బారులో పిలుపులు తగ్గుతాయి. ఈ లెక్క అర్థమైన తరువాత మాల్కమ్‌కు ఇచ్చిన పుస్తకం కూడా వేరేగా కనిపిస్తుంది. 1799 అంటే టిప్పు సుల్తాను శ్రీరంగపట్నం ఇంగ్లీషువారి చేతిలో పడిపోయిన ఏడు, కోఠీలో వారి ప్రతినిధి ఉండే రెసిడెన్సీ భవనం ఇంకా లేవని రోజులు. గాలి ఎటు వీస్తోందో గ్రహించిన ఒక మనిషి, తన దగ్గరున్న అతి విలువైన సొంత సరుకును ఎవరి చేతిలో పెట్టాలో ఆలోచించి పెట్టింది. ఇది నా ఊహే, కానీ ఆధారానికి ఎదురు నడిచే ఊహ కాదు.

ప్రేమ వద్దని నేను అనడం లేదు. నేను చేసిన పొరపాటు చెబితే నా బాధ మీకు తెలుస్తుంది. నా రెండో నవలలో కథానాయిక కుతుబ్ షాహీల కాలంలో మెట్లబావి తవ్వించిన ఒక వర్తకుడి భార్య, పూర్తిగా కల్పిత పాత్ర. భర్త పోయాక ఒక పారసీక లేఖకుడితో అనురాగం పెట్టి మూడు వందల పేజీలు రాశాను. ప్రచురణకర్తకు అది ఎంతో నచ్చింది, ఇంకో రెండు వెన్నెల ఘట్టాలు కూడా కావాలన్నారు. ప్రతి చదివిన మా పిన్ని మాత్రం ఒక్కటే అడిగింది: "ఆ పిల్ల బావి ఎప్పుడు తవ్విస్తుందిరా?" నిజమే, బావి చివరి రెండు పేజీల్లో తయారై కూర్చుంది. సిగ్గుపడి, బావులు తవ్వి జీవితం గడిపిన ఒక పెద్ద మేస్త్రి దగ్గరికి వెళ్ళాను. నీళ్ళు ఎన్ని గజాల్లో పడతాయని నేను అడుగుతుంటే, ఆయన నన్ను ఎదురు ప్రశ్న వేశారు: "తవ్విన మట్టి ఎక్కడ పోస్తరు సారూ?" నాకు అంతవరకు తట్టనే లేదు. అంత లోతు బావికి గుట్టంత మట్టి లేస్తుంది, అది పక్కవాడి చేలో పడుతుంది, పక్కవాడు ఊరుకోడు. నా నవలకు కథ ఆ మట్టికుప్పలో దొరికింది. పక్క చేను యజమానితో తగాదా, ఖాజీ ముందు పంచాయతీ, బావమరుదుల కుట్ర, అన్నీ అక్కడి నుంచే పుట్టాయి. లేఖకుడు మిగిలాడు, కానీ ఖాజీకి ఇచ్చే అర్జీ రాయడానికి వచ్చినవాడిగా మిగిలాడు. ఇద్దరి మధ్య ఏమున్నదో అర్జీలో ఒక మాట మార్చాలా వద్దా అన్న చర్చలోనే తెలిసిపోయింది.

వస్తువుల దగ్గర జాగ్రత్త. నా మొదటి నవలలో కాకతీయుల యుద్ధ శిబిరంలో ఎండుమిరపకాయల ఘాటుకు సైనికులు దగ్గారు. మిరప, వేరుశనగ, ఆలుగడ్డ, టమాటా, పొగాకు ఇవన్నీ 1498 తరువాత పోర్చుగీసువారి ఓడల దారిన మన తీరానికి చేరినవి. రుద్రమ వంటశాలలో కారమంటే మిరియమే. ఆ ప్రతిని అచ్చుకు ముందు పట్టుకున్న ప్రూఫ్ రీడరు గారికి నేను ఇప్పటికీ రుణపడి ఉన్నాను. గంటలూ నిమిషాలూ వద్దు, జాములూ ఘడియలూ వాడండి. జాము మూడు గంటలు, ఘడియ ఇరవై నాలుగు నిమిషాలు, ఇది గుర్తుంటే సన్నివేశపు నడకే మారుతుంది. కాకతీయ కాలపు తిండి, బట్ట, ఆట, పాట కోసం పాల్కురికి సోమనాథుడి పండితారాధ్య చరిత్ర ఒక భోషాణం. ఓరుగల్లు వీధుల కోసం క్రీడాభిరామం చదవండి, రూకకు పూటకూడు పెట్టే ఇల్లు కూడా అందులో కనిపిస్తుంది. అది కాకతీయుల తరువాతి కాలపు రచన అని మాత్రం మరువకండి. కుతుబ్ షాహీ, అసఫ్ జాహీ (నిజాముల) కాలాలకు తార్నాకలోని స్టేట్ ఆర్కైవ్స్‌లో ఫారసీ పత్రాలు ఉన్నాయి. ఫారసీ రాకపోతే చదివి చెప్పేవారిని వెతుక్కోండి, కష్టానికి తగిన రుసుము ఇవ్వండి, వారి పేరు కృతజ్ఞతల్లో రాయండి.

మీరు ప్రశ్నతో పాటు పెట్టిన మొదటి పేరాలో మహ్ లఖా బాయి వానాకాలపు రాత్రి నయాపూల్ మీదుగా మూసీ దాటుతుంది. నయాపూల్ ఆమె పోయిన మూడు దశాబ్దాల తరువాత అఫ్జలుద్దౌలా పాలనలో కట్టింది. చాదర్‌ఘాట్ వంతెన కూడా 1831 నాటిది. ఆమె జీవితకాలంలో ఈ నగరానికి మూసీ మీద ఉన్న వంతెన 1578 నాటి పురానాపూల్ ఒక్కటే. ఇది చిన్న తప్పు కాదు, మీకు దొరికిన వరం. ఏరు పొంగిన రాత్రి ఆమె మౌలా అలీ వైపు పోవాలంటే పడమటికి చుట్టు తిరిగి పురానాపూల్ ఎక్కాలి, లేదా నీరు తీసేదాకా ఆగాలి. పల్లకీ బోయీలు దేనికి ఒప్పుకుంటారు, ఎంత ఎక్కువ అడుగుతారు? ఉస్మాన్ సాగర్, హిమాయత్ సాగర్ లేని మూసీ అది, దాని ఇష్టం వచ్చినట్టు పొంగేది.

భాష గురించి అడగలేదు కానీ చెప్పక తప్పదు. ఆమె ఇంట్లో దక్కనీ ఉర్దూ, దర్బారులో ఫారసీ మర్యాద. మీరు రాసేది తెలుగులో. ప్రతి వాక్యానికీ ఒక ఉర్దూ మాట తాలింపు వేయకండి, ఈ రోజుల్లో హాస్యానికి వాడే హైదరాబాదీ యాసను అసలే వద్దు. సంబోధనలు మాత్రం సరిగ్గా ఉండనివ్వండి: నౌకర్లు బాయి సాహెబా అంటారు, ఆమె తల్లిని అమ్మీజాన్ అనవచ్చు. తెలుగు సహజంగా వినిపించే చోట్లు ఆ ఇంటి చుట్టూ ఎన్నో ఉన్నాయి. జాగీరు గ్రామాల రైతులు, కరణం, తోటమాలి, పాలు పోసే మనిషి మాట్లాడేది తెలుగే. జాగీరు లెక్కలు చెప్పడానికి వచ్చిన కరణం ముందు ఆమె ఎంత తెలుగు అర్థం చేసుకుంటుంది, ఎంత అర్థం కానట్టు నటిస్తుంది అన్నదే ఒక సన్నివేశం.

గణికలూ దేవదాసీలూ అయిన రచయిత్రుల విషయంలో ఇంకొక మాట. వారి సొంత గొంతు అచ్చులో ఉంటే ముందు దాన్ని చదవండి. తంజావూరు ప్రతాపసింహుడి ఆస్థానంలోని ముద్దుపళని తన రాధికాసాంత్వనం కావ్యం పీఠికలో తన వంశాన్ని స్త్రీల వైపు నుంచి గర్వంగా చెప్పుకుంది. గాయని బెంగళూరు నాగరత్నమ్మ పూర్తి ప్రతిని వెతికి 1910లో అచ్చు వేయిస్తే మరుసటి ఏడు ప్రభుత్వం నిషేధించింది, 1947 దాకా ఆ నిషేధం తొలగలేదు. నాగరత్నమ్మకు ముందరి ముద్రణలో పోయినవాటిలో ఆ పీఠిక ఒకటి. కావ్యాన్ని ఉంచి, రాసిన మనిషి తన గురించి చెప్పుకున్న మాటలను తీసేశారన్నమాట. చందా గజళ్ళను అనువాదంలోనైనా మొత్తం చదవకుండా ఆమె శృంగారం రాస్తే మనమూ ఆ పనే చేసినట్టు.

చట్టం విషయం క్లుప్తంగా. రెండు వందల ఏళ్ళ కిందటి మనిషి గురించి పెద్ద చిక్కు ఉండదు. కానీ వారసులు జీవించి ఉన్న ఇటీవలి వ్యక్తుల మీద రాసేటప్పుడు గుర్తుంచుకోండి, చనిపోయినవారి పేరుకు మచ్చ తెచ్చి కుటుంబాన్ని నొప్పించాలన్న ఉద్దేశం ఉంటే అది భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షన్ కింద పరువునష్టం కావచ్చు. రచయిత పోయిన అరవై ఏళ్ళ దాకా గ్రంథహక్కు ఉంటుంది. గజళ్ళు పాతవే అయినా వాటి ఆధునిక అనువాదం అనువాదకుడిది, కాబట్టి అనుమతి తీసుకోండి లేదా మీరే అనువదించుకోండి. పుస్తకం చివర రెండు పేజీల రచయిత మాట పెట్టి, ఏది ఆధారం ఉన్నది, ఏది మీ కల్పన అన్నది దాపరికం లేకుండా చెప్పండి. మీ స్నేహితురాలి ప్రశ్నకు అదే జవాబు.

మీ నూట నలభై పేజీలను చించేయనక్కరలేదు. సైనికాధికారిని మొదటి అధ్యాయం నుంచి తీసి వెనక్కి జరపండి. మొదట తల్లి సమాధి తోట పని సాగుతూ ఉండాలి, రాతి పనివాళ్ళకు కూలి బాకీ పడి ఉండాలి, జాగీరు నుంచి రావలసిన సొమ్ము రాలేదని కరణం వచ్చి నిలబడి ఉండాలి. అతను ఆ తరువాత వస్తే, ఆమె అతన్ని లోపలికి ఎందుకు రానిచ్చిందో మీరు వివరించే అవసరం రాదు. తిరగరాసిన అధ్యాయం ఇక్కడే పెడితే తీరిక చేసుకుని చదువుతాను. వంతెనను మాత్రం ఈలోగా మార్చేయండి.